చెవి నేర్పిన కూర్పు

రేడియో శ్రోతలకు ఒక సంగతి వేరుగా చెప్పనక్కరలేదు. మనిషి కంటికి కనిపించకపోయినను, మాటకు మాటకు నడుమనుండు విరామమును బట్టి వాని మనస్సు మనకు తెలియును. ఆదిభట్ల నారాయణదాసుగారి హరికథలకు పేరొందిన విజయనగర ప్రాంతమువారికి, కథకుడు ఎచ్చట ఆగవలెనో ఎరుగుటయే సగము విద్య యనుట క్రొత్త మాట కాదు. చలనచిత్రపు ఎడిటరు విద్యయు ఇట్టిదే.

తీసిన ముక్కలలో ఏది ఉంచవలెను, ఒకదానినుండి మరియొకదానికి ఏ క్షణమున దాటవలెను అని నిర్ణయించుట ఎడిటరు పని. సెకండుకు 24 బొమ్మలు కదలు చిత్రములో రెండు బొమ్మలు అటునిటైనను భావము సడలవచ్చును.

ఈ పనికి చెవియే తొలి గురువు కాగలదా? మన కె. విశ్వనాథ్ గారు మద్రాసు వాహినీ స్టూడియో శబ్దశాఖలో పని నేర్చి, 1965లో ‘ఆత్మగౌరవము’తో దర్శకులైనారు, 1980లో ‘శంకరాభరణము’ను అందించినారు. అట్లే శబ్దశాఖనుండి వచ్చి ఎడిటరుగా కీర్తి గడించినవారు అమెరికాదేశపు వాల్టర్ మర్చ్ గారు.

1943లో జన్మించిన మర్చ్ గారు, 1969లో వచ్చిన ‘ది రెయిన్ పీపుల్’ చిత్రమునకు ధ్వనులు కూర్చినారు. 1974లో వచ్చిన ‘ది కాన్వర్సేషన్’కు ధ్వనితోపాటు బొమ్మల కూర్పునందును పాల్గొనినారు. అందలి నాయకుడు పరుల మాటలను చాటుగా టేపుపై పట్టువాడు. ఒకే వాక్యమును పలుమార్లు వినియు, ఊనిక ఏ పదముపై పడినదో ఆలస్యముగా గాని గ్రహింపడు. ఆ కూర్పులో మర్చ్ గారికి ఒక విశేషము కనబడినది. తాము ముక్కను ఆపదలచిన చోటనే నటుడు జీన్ హాక్‌మన్ తరచు రెప్ప వాల్చుచుండెను! ఆలోచన ఒకటి ముగిసినచోట రెప్ప పడును; కూర్పు మారవలసినదియు అచ్చటనే యని వారు తలచినారు.

ఇంకొక వింత కలదు. తొలికూర్పు వేళ వారు ధ్వనిని ఆపివేసి బొమ్మను మాత్రమే చూచెడివారు. వినిపించు ధ్వని ఆగినపుడే, రాదగిన ధ్వని మనస్సునకు తోచును గదా!

1979 నాటి ‘అపోకలిప్స్ నౌ’ ధ్వనికి వారికి ఆస్కారు లభించినది. 1996 నాటి ‘ది ఇంగ్లీష్ పేషెంట్’కు కూర్పునకును ధ్వనికిని రెండును వచ్చినవి.

శబ్దశాఖలోనివారి పేర్లు తెరపై వచ్చునప్పటికి మనము తరచు లేచిపోవుచుందుము. చిత్రరంగమున ప్రవేశింపగోరు మన జిల్లాల యువకులును కెమెరా వంకనే చూతురు. శబ్దశాఖ చిన్న వాకిలి కాదని మేము మనవి చేయుచున్నాము. ఈ పర్యాయము చిత్రము చూచునప్పుడు ఒక్క ఘట్టమున కన్నులు మూసి వినుడు. బొమ్మ ఎచ్చట మారినదో మీ చెవియే చెప్పును.