నష్టపరిహారము – కొన్ని అపోహలు

మన నరసాపురము చుట్టుప్రక్కల గ్రామాలలో అరుగుల మీద కూర్చుండి లేసు అల్లే స్త్రీలను చూచినవారికి, ఆ వ్రేళ్ళే వారి ఆస్తి అని వేరుగా చెప్పనక్కరలేదు. మా విద్యార్థిని ఒకతె తల్లిది కూడ అదే వృత్తి. కాలువగట్టు రోడ్డు మీద ఒక వ్యాను ఆమెను పడగొట్టినది. కుడిచేతి వ్రేళ్ళు రెండు వంగకుండ పోయినవి. పెద్దమనుషులు కూర్చుండి అయిదు వేల రూపాయలు ఇప్పించి, కాగితము మీద వ్రేలిముద్ర వేయించుకొన్నారు. “జీతము లేని మనిషికి కోర్టులో ఏమి వస్తుంది సార్?” అని ఆ బాలిక అడిగినప్పుడు, చదువుకొన్న మనము కూడ ఈ విషయములో ఎంత అపోహలో ఉన్నామో మాకు తెలిసివచ్చినది.

పరిహారము కోరడమంటే డ్రైవరును జైలుకు పంపడమని పలువురి భావన. పాపము పేదవాడు గదా అని ఊరుకొంటారు. శిక్ష విధించేది క్రిమినలు కోర్టు. నష్టము లెక్కగట్టేది మోటారు ప్రమాదాల ట్రిబ్యునలు. సొమ్ము సాధారణముగా చెల్లించేది బీమా కంపెనీ. డ్రైవరుకు లైసెన్సు లేకపోయినను, ముందు బాధితునకు చెల్లించి తరువాత యజమాని వద్ద రాబట్టుకొమ్మని కంపెనీని ఆదేశించిన తీర్పులు అనేకము.

ఇక జీతము మాట. ఇది అన్నింటికన్న హానికరమైన అపోహ. గృహిణి చాకిరికి సైతము విలువ కట్టవలెనని 2021లో సుప్రీంకోర్టు నొక్కిచెప్పినది. డాక్టరు వ్రాసిన వైకల్యశాతము, సంపాదనలో కలిగిన నష్టము ఒకటి కావని 2010 నాటి రాజ్‌కుమార్ కేసులో అదే కోర్టు వివరించినది: చేయి పోయిన గుమాస్తా ఉద్యోగములో కొనసాగవచ్చును, వడ్రంగికి మాత్రము బ్రతుకుతెరువే పోతుంది. లేసు పనికి ఇంతకన్న దగ్గర పోలిక ఏమున్నది? ఉదాహరణకు, 32 ఏండ్ల స్త్రీకి ఇంటిపని, లేసు కలిపి నెలకు 6,000 రూపాయలుగాను, సంపాదన నష్టము సగముగాను ట్రిబ్యునలు నిర్ణయించినదనుకొందాము. ఏటి నష్టము 36,000. ఆ వయస్సుకు 2009 నాటి సరళావర్మ తీర్పు చెప్పిన గుణకము 16. మొత్తము 5,76,000. వైద్యఖర్చులు, బాధకు పరిహారము ఇందులో చేరలేదు. అయిదు వేలెక్కడ, ఇదెక్కడ!

రాజీ కాగితముతో అర్జీ హక్కు దానంతటదే పోదు. అయితే పోలీసు కేసు లేకుండ సాక్ష్యము బలహీనపడుతుంది. ఎఫ్.ఐ.ఆర్. నకలు, ఆసుపత్రి చీటీలు, మందుల బిల్లులు పారవేయరాదు. బండి ఆచూకీ తెలియకపోయినను తీవ్ర గాయమునకు 50,000, మరణమునకు 2 లక్షలు ఇచ్చే పథకము కలదు. ప్రమాదము ఎక్కడ జరిగినను, మన నివాసమున్న చోటి ట్రిబ్యునలులోనే అర్జీ వేయవచ్చును. ఆరు నెలల గడువు 2022 ఏప్రిల్ 1 నుండి అమలులోనికి వచ్చినది. గడువు మీరినదని అర్జీలను కొట్టివేయరాదని 2025 నవంబరులో సుప్రీంకోర్టు మధ్యంతర ఉత్తర్వు ఇచ్చినది గాని, దానిని నమ్ముకొని కూర్చుండుట వివేకము కాదు.

వకీలు ఫీజు భయము ఒకటి మిగిలినది. 1987 నాటి న్యాయసేవల చట్టము క్రింద స్త్రీలకు, ఆదాయముతో నిమిత్తము లేకుండ, ఉచిత న్యాయసహాయము లభిస్తుంది. తక్దీర్ అని నిట్టూర్చిన ఆ తల్లి, ప్రమాదము జరిగిన నాలుగవ నెలలో, ఆసుపత్రి కాగితాలన్నీ ఒక సంచిలో వేసుకొని, కూతురు వెంటరాగా న్యాయసేవా కమిటీ మెట్లెక్కినది. అర్జీ దాఖలైనది, విచారణ ఇంకను మొదలుకాలేదు.