‘ది ప్రైస్ ఆఫ్ సాల్ట్’ : ముగింపునందలి మార్పు

స్త్రీల పరస్పర ప్రణయము వస్తువుగా గల ఆంగ్ల నవలలను పరిశీలించువారికి మొట్టమొదట గోచరించునది వాని ముగింపులందలి సామ్యము. ర్యాడ్‌క్లిఫ్ హాల్ 1928లో ప్రకటించిన ‘ది వెల్ ఆఫ్ లోన్లీనెస్’లో నాయిక తన ప్రియురాలిని ఒక పురుషునకు వదలివేయును. త్యాగముతో ముగిసినను ఆ గ్రంథము అశ్లీలమనియు, ప్రతులను ధ్వంసము చేయవలసినదనియు ఆ సంవత్సరమే లండను న్యాయస్థానము తీర్పు చెప్పెను. 1952లో మారిజేన్ మీకర్ విన్ ప్యాకర్ అను మారుపేరుతో వ్రాసిన ‘స్ప్రింగ్ ఫైర్’లో ఒక యువతికి మతి చలించును, రెండవ యువతి తానామెను ఎన్నడును ప్రేమింపలేదని తలచును. ఇది ప్రకాశకులు విధించిన నిబంధన. సుఖాంతమైనచో తపాలా అధికారులు ప్రతులను పట్టుకొందురని వారి భయము. కావున ఆ విషాదము కథాబీజమునుండి మొలచినది కాదు.

ఆ 1952లోనే పాట్రీషియా హైస్మిత్ (1921-1995) నవల ‘ది ప్రైస్ ఆఫ్ సాల్ట్’ వెలువడెను. ‘స్ట్రేంజర్స్ ఆన్ ఎ ట్రైన్’ (1950) మూలమున అప్పటికే ప్రసిద్ధి పొందియుండియు, రచయిత్రి దీనిని క్లేర్ మోర్గన్ అను మారుపేరుతో ప్రకటించెను. న్యూయార్కులోని ఒక పెద్ద అంగడిలో బొమ్మల విభాగమున తాత్కాలికముగా పనిచేయు తెరీస్ అను పందొమ్మిదేండ్ల యువతి, భర్తతో విడాకుల వ్యవహారములో నున్న కరోల్ అను గృహిణిని ప్రేమించును. ఇరువురును కారులో పశ్చిమదిశగా పయనింతురు. భర్త నియోగించిన గూఢచారి వారి మాటలను శబ్దగ్రహణ యంత్రముతో రహస్యముగా సేకరించి సాక్ష్యము కూర్చును. తత్ఫలితముగా కరోల్ తన కుమార్తెపై హక్కును వదలుకొనవలసివచ్చును. అయినను తుదకు తెరీస్ ఆమెనే చేరుకొనును.

అనౌచిత్యముచే ప్రవర్తించిన రసము రసాభాసమని మన ఆలంకారికుల మతము. పూర్వ రచనలలో ఉన్మాదమో, మరణమో, వియోగమో ఈ ప్రణయమును ఆభాసముగా నిరూపించు సాధనమయ్యెను. హైస్మిత్ కథలో అనౌచిత్యము స్థానము మార్చుకొన్నది. అది గోడ కావల పొంచియున్న గూఢచారియందును, తల్లిని బిడ్డకు దూరము చేయు న్యాయవ్యవహారమునందును కనిపించును. నాయికల అనురాగము శృంగారముగనే నిలిచినది. ఇందుకై రచయిత్రి వాదోపవాదములకు దిగలేదు. కథ యంతయు తెరీస్ దృష్టినుండియే నడచుటచే, పాఠకుడు తీర్పరి స్థానమున కూర్చుండక, ఆమెతోపాటు కరోల్ రాకకై ఎదురుచూచును.

ఇట్టి సుఖాంతములలో ఇదియే మొదటిదనుట మాత్రము సరికాదు. గేల్ విల్హెల్మ్ వ్రాసిన ‘టార్చ్‌లైట్ టు వల్హాలా’ 1938లోనే అట్లు ముగిసినది. అట్టి ముగింపును విస్తృత పాఠకలోకమునకు అందించుట హైస్మిత్ ఘనత. 1953లో చౌకప్రతిగా వెలువడిన పిదప ఈ నవల లక్షలకొలది అమ్ముడుపోయెను. తమవంటివారి కథ సుఖముగా ముగియుట చూచి కృతజ్ఞత తెలుపుచు అనేకులు ప్రకాశకుల ద్వారా ఆమెకు లేఖలు వ్రాసిరి. అయినను ఆమె తన పేరును వెల్లడించి, ‘కరోల్’ అను శీర్షికతో దీనిని పునర్ముద్రించుట 1990లో గాని జరుగలేదు. నాయికలు బహిరంగముగా కలిసికొన్న 38 సంవత్సరములకు గాని రచయిత్రి బయటపడలేదన్నమాట.

కావున ఈ శాఖకు చెందిన నవలలలోని విషాదాంతమును విమర్శించుటకు పూర్వము, అది కథానిర్మాణమువలన సిద్ధించినదా, శాసనభయమువలన వచ్చినదా అని విచారించుట పరిశోధకుల ప్రథమ కర్తవ్యమని మేము తలంచుచున్నాము.