ఒకరిని తీయమన్నారు, ఒకరిని వేయమన్నారు

చెరకు తోటలలో పనిచేసిన మన అవ్వలు ఎండకు తలకు గుడ్డ చుట్టుకొనేవారు. దానిని గురించి ఎవరూ తగవు పడలేదు. కెనడాలో ముసల్మాను స్త్రీలు ధరించే హిజాబ్ మాత్రం చట్టసభల దాకా, న్యాయస్థానాల దాకా వెళ్ళింది. ఫిజీ నుండి, ముఖ్యంగా 1987 తరువాత, మనవారు అనేకులు ఆ దేశం చేరి వాంకూవర్ పరిసరాలలో స్థిరపడ్డారు గనుక ఈ సంగతి మనకు పరాయిది కాదు.

హిజాబ్ అనగా జుట్టును, మెడను కప్పే వస్త్రం, ముఖం కనబడుతుంది. ముఖాన్ని సైతం కప్పేది నికాబ్. ఈ భేదం తెలియకనే వాదించేవారు చాలామంది.

2007లో జరిగిన రెండు సంఘటనలు చెబుతాను. ఫిబ్రవరిలో క్యూబెక్ రాష్ట్రంలోని లావల్‌లో బాలికల ఫుట్‌బాల్ పోటీలు జరిగాయి. అట్టావా నుండి వచ్చిన 11 ఏండ్ల బాలిక హిజాబ్ తీయనన్నది. నియమాలకు విరుద్ధమని ఆమెను మైదానం నుండి పంపివేశారు. తోటి పిల్లలు ఆమెను విడిచి ఆడలేదు. జట్టంతా బయటకు నడిచింది. ఆటలో తలగుడ్డకు అంతర్జాతీయ మండలి పూర్తి అనుమతి ఇచ్చింది 2014లోనే.

అదే ఏడు డిసెంబరులో, టొరంటో పక్కనున్న మిస్సిసాగాలో 16 ఏండ్ల బాలికను కన్న తండ్రి, తోడబుట్టిన అన్న కలిసి చంపారు. హిజాబ్ వేసుకోననడం, తోటి పిల్లలవలె దుస్తులు ధరించాలని కోరడం ఆ ఇంటి తగవులలో ఉన్నాయి. నేరం ఒప్పుకొన్న ఆ ఇద్దరికీ 2010లో యావజ్జీవ శిక్ష పడింది.

ఈ రెండింటి నడుమ ఫ్యాషన్ తన దారిన తాను సాగింది. కోటుకు తగిన రంగు, చలికి ఉన్ని, పెండ్లికి పట్టు! 2017లో నైకీ కంపెనీ ఆటల హిజాబ్‌ను అంగడికి తెచ్చింది. అంగడిలో దొరికినంత సులువుగా బడిలో చెల్లలేదు. 2016లో కెనడా జాతీయ పోలీసు దళం యూనిఫారంతో హిజాబ్‌ను అనుమతించగా, 2019 జూన్‌లో క్యూబెక్ ప్రభుత్వం ఉపాధ్యాయులు, పోలీసులు, ప్రభుత్వ న్యాయవాదులు మొదలైనవారు పనివేళ మతచిహ్నాలు ధరించరాదని చట్టం చేసింది. అప్పటికే ఉద్యోగంలో ఉన్నవారికి, అదే పదవిలో ఉన్నంతకాలం, మినహాయింపు ఇచ్చారు. తరువాత చేరినవారికి అదీ లేదు. 2021 డిసెంబరులో చెల్సీ అనే ఊరిలో ఒక ఉపాధ్యాయినిని హిజాబ్ కారణంగా తరగతి నుండి తప్పించి వేరే పని అప్పగించారు. పిల్లలు, వారి తలిదండ్రులు బడి కంచెకు ఆకుపచ్చ రిబ్బన్లు కట్టారు.