చక్రపు బోల్టులు: ఇల్లాండ్రు గమనింపవలసిన సంగతులు

పూర్వము మన పల్లెలలో బండి కట్టునపుడు ఇంటి పెద్ద మొదట చూచునది ఎద్దులను గాదు; ఇరుసు చివరనున్న కడచీలను. బండి యెంత గట్టిదైనను, ఎద్దులెంత మేలుజాతివైనను, జానెడైన లేని ఆ యినుపముక్క ఊడెనా, చక్రమొక దారిని, బండి యొక దారిని పోవును. ఇప్పుడు మన వాకిళ్ల యెదుట ఎద్దుబండ్లకు మారుగా ఎస్.యు.వి. యని పిలువబడు ఎత్తైన మోటారుబండ్లు నిలుచుచున్నవి. కడచీలకు బదులు చక్రమునకు నాలుగో, ఐదో, ఆఱో బోల్టులు వచ్చినవి. కాని బయలుదేరుటకు ముందు కడచీలను చూచెడి యలవాటు మాత్రము మనయందు నిలువలేదు. ఈ సంగతిని మేము పుస్తకమువలన గాక భయమువలన నేర్చుకొంటిమి గనుక, సోదరీమణులకు తెలుపుట మా విధియని తలంచుచున్నాము.

మొన్న పుష్యమాసమున ఎమ్మిగనూరు నీలకంఠేశ్వరస్వామి జాతరకై ఆదోనినుండి బయలుదేరితిమి. దూరము సుమారు 30 కిలోమీటర్లు. బండిలో మా యత్తగారు, మా చెల్లెలు, ఇరువురు పిల్లలు, మేము ఉంటిమి. మా మఱది బండి నడపుచుండెను. ముందు దినముననే వెనుక ఎడమచక్రమునకు పంక్చరు పడగా, దారిప్రక్కనున్న యొక దుకాణములో వేయించియుంటిమి. ఊరు దాటి, ఇరుప్రక్కల ప్రత్తి చేలు కన్పట్టునంతలో మా యత్తగారు, "నాయనా, చక్రము మాటాడుచున్నది, బండి నాపు" అనిరి. "దారి గతుకులమ్మా" అని మా మఱది నవ్వెను. "గతుకైన ఆగి ఆగి మ్రోగును. ఇది చక్రము తిరిగినంతసేపు మ్రోగుచున్నది. మా పుట్టినింట కడచీల వదలినపుడు బండి యిట్లే పలికెడిది" అని ఆమె గట్టిగా చెప్పగా బండి నాపితిమి.

దిగి చూడగా మా చెల్లెలి నోట మాట రాలేదు. ఐదు బోల్టులలో నొకటి లేనే లేదు. దాని కిరుప్రక్కలనున్న రెండును వ్రేళ్లతో త్రిప్పినంతనే తిరుగుచుండెను. మఱి నాలుగు కిలోమీటర్లు పోయియుండిన యేమి జరిగియుండునో వ్రాయ నక్కఱలేదు. పెద్దవారిని, పిల్లలను ఆర్టీసీ బస్సెక్కించి పంపితిమి. బండిని ఉన్నచోటనే యుంచి ఎమ్మిగనూరినుండి మరపనివాని నొకని రప్పించితిమి. ఆతడు మిగిలిన బోల్టుల నూడదీసి, మా యెదుటనే పఱచి, కారణమును చూపెను. ముందుదినము దుకాణములో నొక బోల్టు పోగా, దానికి బదులు చేతికందిన వేఱొకదానిని వేసిరి. మర సరిపోయినది, తల సరిపోలేదు. ఊడిపడినది అదియే. దాని బరువును కూడ మోయవలసివచ్చి ప్రక్కవి వదులైనవి. చక్రపు రంధ్రము అంచున లోహము నలిగి మెఱయుచుండుటయే అందులకు సాక్ష్యము.

"మర సరిపోయినపుడు తల యేల సరిపోవలయును?" అని మేమడిగితిమి. దానికి సమాధానము తెలిసికొనుటకు బోల్టు చేయు పని యేమో ముందు తెలియవలయును. బోల్టు మేకువలె నిలిచి బండి బరువును మోయునని పెక్కుమంది తలంతురు. అది సరికాదు. బోల్టు బిగించినపుడు సన్నముగా సాగి, గట్టి స్ప్రింగువలె చక్రమును ఇరుసు చివరనున్న హబ్బుకు అదిమిపట్టును. ఆ రెండు లోహముల నడుమ గలుగు రాపిడియే చక్రమును కదలనీయదు. ఆదోని ప్రత్తి ప్రెస్సులలో బేలు కట్టుట చూచినవారి కిది సులభముగా బోధపడును. సుమారు 170 కిలోల ప్రత్తిని అదిమి పట్టీలు వేయుదురు. లోని ప్రత్తి బయటికి నెట్టును, పట్టీ లోనికి లాగును. ఆ పెనుగులాటయే బేలును నిలుపును. ఒక పట్టీ వదలెనా, దాని భారము ప్రక్క పట్టీలపై బడును. బోల్టుల సంగతియు నిట్టిదే.

ఆ అదుము చక్రమునకు అందునది బోల్టు తల క్రిందిభాగము ద్వారముననే. ఈ భాగము మూడు విధములుగా నుండును. గరాటువలె ఏటవాలుగా నుండునది యొకటి. గోళీవలె గుండ్రముగా నుండునది రెండవది. వాషరుతో చదునుగా నుండునది మూడవది. చక్రపు రంధ్రము ఏ యాకారమున నున్నదో బోల్టు తలయు నా యాకారముననే యుండవలయును. గుండ్రని గుంటలో గరాటు తలను బిగించినచో, తల అంతయు ఆనక సన్నని గీతవంటి వలయము మాత్రమే ఆనును. బిగించునపుడు గట్టిగానే తోచును. కొంతదూరము పోవునప్పటికి ఆ గీత నలిగి, సాగిన బోల్టు మరల కుదించుకొని, బిగువు పోవును. మా బండి గతి యిదియే.

ఇక బండ్లలో రెండు జాతులు గలవు. వోక్స్‌వాగన్, స్కోడా మొదలైన ఐరోపా సంస్థల బండ్లలో హబ్బునందు మరరంధ్రములుండును. బోల్టును చక్రముగుండ దూర్చి అందు బిగింతురు. 2021వ సంవత్సరమున మన దేశమున విడుదలయైన టైగున్, కుషాక్ బండ్లు ఈ జాతివే. మహీంద్రా, టొయోటా, హ్యుందాయ్ మొదలగు సంస్థల బండ్లలో హబ్బునుండి స్టడ్డులు ముందుకు పొడుచుకొని యుండును. చక్రమును వానికి తగిలించి పైన నట్టులు బిగింతురు. మీ యింటి బండి యే జాతిదో నేడే యొకమారు చూచుకొనుడు. కొన్నింటిపై ప్లాస్టిక్కు మూతలుండును. అవి తీసిన తెలియును.

క్రొత్త బోల్టు కొనునపుడు చూడవలసినవి ఐదు. మొదటిది లావు. పెక్కు బండ్లలో 12 గాని 14 గాని మిల్లీమీటర్లు. రెండవది మరల యెడము. ఒక చుట్టు త్రిప్పిన నెంత లోనికి పోవునో యది, 1.5 గాని 1.25 గాని మిల్లీమీటర్లుండును. లావు సరిపోయి యెడము సరిపోనిచో, బోల్టు రెండు చుట్లు సులభముగా బోయి తరువాత పట్టుకొనును. అపుడు బలవంతముగా త్రిప్పినచో హబ్బు మరలే చెడును. మూడవది పైన జెప్పిన తల యాకారము. నాల్గవది పొడవు. పొట్టిదైన పట్టు చాలదు. మిక్కిలి పొడవైన లోపలి బ్రేకు భాగములకు తగులును. ఐదవది బలము. మంచి బోల్టు తలపై 10.9 వంటి అంకె చెక్కియుండును. దాని యర్థ మేమన, చదరపు మిల్లీమీటరుకు సుమారు 100 కిలోల లాగుడునకు గాని అది తెగదనియు, అందు నూటికి 90 వంతులవఱకు సాగియు తిరిగి యథాస్థితికి వచ్చుననియు. ఏ అంకెయు లేని మెఱుగుబోల్టు చవుకగా దొరికినను కొనరాదు.

పొడవును పరీక్షించుటకు ఇంటనే చేయదగిన ఉపాయమొకటి గలదు. పాత బోల్టును చేతితో బిగించుచు ఎన్ని చుట్లకు ఆనుచున్నదో లెక్కింపుడు. క్రొత్తదియు నన్నియే చుట్లు తిరుగవలయును. బోల్టు ఎంత లావో మరలలో కనీసమంత లోతు పోవలయునని వాడుక సూత్రము. అనగా 14 మిల్లీమీటర్ల బోల్టు, 1.5 మిల్లీమీటర్ల యెడము గలది, 9 చుట్లకు తక్కువ తిరిగినచో దానిని నమ్మరాదు. ఇనుపచక్రములు తీసి మిశ్రలోహపు చక్రములు వేయించునపుడు ఈ లెక్క మఱింత ముఖ్యము. చక్రము మందము మారిన బోల్టు పొడవును మాఱవలసి యుండవచ్చును. స్టెప్నీ ఇనుపదై, మిగిలినవి మిశ్రలోహపువైనచో, దానికి ఏ బోల్టులు వాడవలయునో బండితో నిచ్చిన పుస్తకమున ముందే చూచుకొనవలయును. అర్ధరాత్రమున దారిలో చూచుకొనుట కష్టము.

ఎప్పుడు మార్చవలయును? మరలు నలిగినను, తుప్పు తిన్నను, తల మూలలు అరిగి పానా జారుచున్నను, తల క్రిందిభాగము గీరుకొనిపోయినను మార్చవలయును. ఒక చక్రము వదులై కొంతదూరము నడచినచో, కంటికి బాగుగా గనబడినను ఆ చక్రపు బోల్టులన్నిటిని మార్చుటయే మేలు. తప్పిపోయినదాని భారమును అవి మోసినవి. చక్రపు రంధ్రములను, హబ్బు మరలను కూడ పరీక్షింపవలయును. స్టడ్డు విఱిగినచో ప్రక్కవానిని కూడ కర్మాగారమున మార్పింపవలయును. మా బండికి ఐదు బోల్టులను మార్చి, నలిగిన చక్రమును తీసివేసి వేఱుచక్రము వేయించితిమి.

బిగించుటయందును మర్మము గలదు. కొన్ని దుకాణములలో గాలిగన్నుతో గుఱ్ఱుమనిపించి వదలుదురు. మఱికొందఱు పానాపై నెక్కి త్రొక్కుదురు. రెండును తగవు. ఎంత బిగింపవలయునో బండి పుస్తకమున న్యూటన్ మీటర్లలో నుండును. 120 అని యున్నదనుకొందము. మీటరు పొడవుగల పిడి చివర సుమారు 12 కిలోలు వ్రేలాడదీసినంత బిగువు అది. పిడి 30 సెంటీమీటర్లే యైన 40 కిలోలు కావలయును. ఆ పిడిపై 70 కిలోల మనిషి యెక్కి నిలిచిన బిగువు 200 దాటును. అంత బిగించిన బోల్టు మితిమీఱి సాగి బలము గోల్పోవును. దారిలో పంక్చరైనపుడు మనచేత నూడను ఊడదు. కావున బిగువును కొలుచు టార్కు పానా గల దుకాణమునకే పోయి, దానితోనే తుది బిగింపు చేయుమని యడుగవలయును. అడుగుటకు సిగ్గుపడ నక్కఱలేదు.

మరలకు నూనె గాని గ్రీజు గాని పూయరాదు. పూసిన జాఱుడు హెచ్చి, కొలతపానా అదే అంకె చూపుచున్నను బోల్టు మితిమీఱి సాగును. చక్రమునకును హబ్బునకును నడుమ తుప్పుగాని మట్టిగాని యుండరాదు. మన నల్లరేగడి సంగతి తెలిసినదే గదా! వానకాలమున చేనిగట్టుపై చక్రము మార్చినచో బంకమట్టి నడుమ జిక్కి, ఎండిన తరువాత పొడియై రాలును. ఆ మందమంత బిగువు పోవును. గుడ్డతో తుడిచి కాని చక్రము పెట్టరాదు. రేగడిపై జాకీ నిలువదు. క్రింద దళసరి పలకను వేయవలయును. మిగిలిన చక్రములకు రాళ్లు పెట్టి, జాకీ యెత్తుటకు ముందే బోల్టులను అరచుట్టు వదులు చేయవలయును. బిగించునపుడు వరుసగా గాక, ఒకటి విడిచి యొకటిగా నక్షత్రపు గీతవలె బిగింపవలయును. చక్రము నేలకు దిగిన పిదపనే తుది బిగింపు. పిమ్మట 50 మొదలు 100 కిలోమీటర్లలోపల మరల నొకమారు బిగువును పరీక్షింపవలయును. మేము చేయక మఱచినది యిదియు నొకటి.

దొంగలభయమునకై కొన్ని బండ్ల చక్రములకు తాళపుబోల్టు ఒక్కొక్కటి యుండును. దాని ప్రత్యేకపు బిళ్లను బీరువాలో భద్రపఱచి ప్రయాణమైనవారు దారిలో చిక్కుపడుదురు. అది బండిలోనే యుండవలయును.

ఇవి మగవారి పనులు గదా యని కొందఱు సోదరీమణులు తలంపవచ్చును. చక్రము వదులైనపుడు లోనున్నవారిలో ఆడువారెవరు మగవారెవరని అది చూడదు. పైగా నేడు ఎందఱో స్త్రీలు స్వయముగా బండి నడపుచున్నారు. పాలలెక్క, చాకలిపద్దు వ్రాసికొను పుస్తకమునందే యొక పుట కేటాయించి, చక్రము విప్పిన తేది, అప్పటి కిలోమీటర్ల యంకె, మరల బిగువు చూచిన తేది వ్రాసికొనినచో ఎంత శ్రమ? బోల్టు కొలతలను కూడ అందే వ్రాసియుంచిన, దుకాణములో ఎవరేమి చెప్పినను మోసపోము.

ఆనాడు మేము ఎమ్మిగనూరు చేరునప్పటికి ప్రొద్దుగూకినది. మా యత్తగారు పిల్లలతో ముందే దర్శనము చేసికొని యొక అరుగుపై గూర్చుండి యుండిరి. మమ్ము జూచి ప్రసాద మీయకముందే, "చక్రము బిగించిరా? ఎవరు చూచిరి?" అని యడిగిరి. నాటినుండి మా యింట బండి కదలుటకు ముందు ఆమె కఱ్ఱ పట్టుకొని నాలుగుప్రక్కల తిరిగి చూచుచున్నారు. మా చిన్నపాప వెనువెంట నడచుచు బోల్టులను లెక్కించుచున్నది. నాలుగైదుల యిరువది సరిపోయిన పిదపనే మా మఱది తాళము త్రిప్పుచున్నాడు.