గాయం మానినాక మిగిలే లెక్క

అమీర్‌పేటలో మెడికల్ కోడింగ్ నేర్చుకుంటున్న మన పిల్లలు ఇప్పుడు చాలామందే ఉన్నారు. ఊళ్ళో అమ్మానాన్నలు కూలికి పోతుంటే బీయస్సీలు, బీఫార్మసీలు చదివి, అప్పుచేసి ఫీజు కట్టి చేరినవాళ్ళు. ఉద్యోగం దొరికితే అమెరికా ఆసుపత్రుల కాగితాలు చదివి ప్రతి జబ్బుకీ, ప్రతి దెబ్బకీ ఒక కోడు వేస్తారు. ఆ కోడుని బట్టే అక్కడి బీమా కంపెనీ డబ్బు చెల్లిస్తుంది. మనవాళ్ళకి అది జీతం వచ్చే పని, అంతవరకే. ఐతే ఆ పనిలో ఒక చిన్న అక్షరం ఉంది. వాడల్లో యాక్సిడెంటు కేసులు పట్టుకుని కోర్టుల చుట్టూ తిరిగే కార్యకర్తలు కూడా దాని సంగతి తెలుసుకుంటే మంచిదని మేం అనుకుంటున్నాం.

ఒక ఉదాహరణ అనుకుందాం. మిరపకాయల కోతకి ట్రాక్టర్ ట్రాలీలో పోతున్న ఒక కూలి తల్లి. వయసు 32. రోడ్డు మీద ట్రాలీ బోల్తా పడింది. కుడి మోకాలి కింద నరం దెబ్బతింది. కుట్లు వేశారు, పుండు మానింది. పాదం మాత్రం పైకి లేవదు, వేళ్ళు నేలకి రాసుకుంటూ ఈడ్చి నడవాల్సిందే. ఏడాది పోయాక ఆమె డాక్టరు దగ్గరికి పోతే ఆయన చూసేది గాయాన్ని కాదు, గాయం వదిలిపెట్టి పోయినదాన్ని.

అమెరికాలో 2015 అక్టోబరు 1 నుంచి వాడుతున్న ఐసిడి-10-సీఎం పద్ధతిలో దీన్ని సీక్వెలా అంటారు. గాయం కోడు చివర ఏడో స్థానంలో ఒక అక్షరం వస్తుంది. గాయానికి వైద్యం నడుస్తుంటే 'ఎ', మానే దశలో 'డి', మానినాక మిగిలినదానికి 'ఎస్'. ఎముకలు విరిగినచోట ఇంకా చాలా అక్షరాలున్నాయి. ఎముక వంకరగా అతుక్కుంటే 'ఎస్' వెయ్యకూడదు, దానికి వేరే అక్షరాలు. కొత్తగా చేరిన పిల్లలు తడబడేది ఇట్లాంటి చోటే.

మన తల్లి కేసు ఆ పద్ధతిలో రాస్తే మూడు కోడులు పడతాయి. మొదట ఇప్పటి బాధ, అంటే కుడిపాదం వాలిపోవడం: ఎమ్ 21.371. తర్వాత దాన్ని తెచ్చిన నరం గాయం: ఎస్ 84.11 ఎక్స్ ఎస్. ఆ తర్వాత కారణం, వ్యవసాయ వాహనంలో ప్రయాణిస్తూ రోడ్డు ప్రమాదం: వి 84.1 ఎక్స్ ఎక్స్ ఎస్. ట్రాక్టరుతోపాటు దాని ట్రాలీ కూడా ఈ వర్గంలోకే వస్తుంది. ప్రమాదం జరిగి ఎన్నేళ్ళయిందన్న గడువు అక్కడ లేదు, ఇరవై ఏళ్ళయినా 'ఎస్' వెయ్యొచ్చు. ప్రపంచ ఆరోగ్య సంస్థ వారి ఐసిడి-10లో దారి కొంచెం వేరు. మోటారు ప్రమాదాల అవశేషాలకి వై 85.0 అని విడి కోడు ఉంది. ఏడాది, ఆపైన మిగిలి ఉన్న బాధని కూడా అందులో కలుపుతారు.

ఇక్కడ రెండు సంగతులు మమ్మల్ని ఆపాయి. ఒకటి, కోడు వేసేవాళ్ళు ఊహించుకోకూడదు. 'పాదం వాలింది' అని మాత్రమే డాక్టరు రాస్తే అది ప్రమాదం వల్లే అని కోడరు తనంతట తాను కలపడానికి వీల్లేదు. 'ఫలానా ప్రమాదంలో నరం దెబ్బతిన్నందువల్ల' అని డాక్టరు చేత్తో పడాలి. రెండోది మాకు ఎక్కువ గుచ్చుకుంది. దెబ్బ తగిలినప్పుడు మనిషి ఎక్కడుంది, ఏం చేస్తోంది, కూలికి పోతోందా అని చెప్పే కోడులు కూడా ఆ పుస్తకంలో ఉన్నాయి: వై 92, వై 93, వై 99. అవి మొదటిసారి చూసినప్పుడు ఒక్కసారి వేస్తే వేసినట్టు. సీక్వెలా దశలో వాటిని వెయ్యరు. అంటే ఏడాది తర్వాతి కాగితంలో ట్రాక్టరు మిగులుతుంది, మిరపచేను మాయమవుతుంది. ఎవరో కుట్రతో చేశారని మేం అనడం లేదు. లెక్కలు రాసేవాళ్ళకి ఆ సంగతి రెండోసారి అక్కర్లేదు, అంతే.

మన దగ్గర ఆమె నష్టం తేలేది కోడింగ్‌లో కాదు, మోటారు వాహనాల చట్టం 1988 కింద వేసే క్లెయిమ్ ట్రిబ్యునల్లో. ఐతే అక్కడా అదే మరుపు వెంటాడుతుంది. మెడికల్ బోర్డు ఒక శాతం రాసిస్తుంది. కాలికి ఇంత, మొత్తం ఒంటికి ఇంత. ఆ అంకె శరీరం లెక్క, సంపాదన లెక్క కాదు. రాజ్‌కుమార్ కేసులో 2010 అక్టోబరులో సుప్రీంకోర్టు ఈ తేడానే విడదీసి చెప్పింది. ఎడమచెయ్యి పోతే శారీరక వైకల్యం సుమారు 60 శాతం అనుకున్నా, డ్రైవరుకో వడ్రంగికో సంపాదన దాదాపు నూటికి నూరు పోతుంది. ప్రభుత్వాఫీసు గుమాస్తాకి ఉద్యోగమే పోకపోవచ్చు. కాబట్టి మనిషి చేసే పని ఏమిటో చూసి తేల్చమంది.

మన తల్లికి నెలకి 9,000 ఆదాయం అనుకుందాం. ఏడాదికి 1,08,000. 31–35 వయసుకి 2009 నాటి సర్లావర్మ తీర్పు ప్రకారం 16తో హెచ్చించాలి: 17,28,000. బోర్డు ఒంటికి 20 శాతం రాసిందనీ, ట్రిబ్యునల్ దాన్నే సంపాదన నష్టంగా తీసుకుందనీ అనుకుంటే 3,45,600. అదే ట్రిబ్యునల్ ఆమె పని చూసి సంపాదన 60 శాతం పోయిందని ఒప్పుకుంటే 10,36,800. భవిష్యత్తు పెంపు, మందుల ఖర్చు, నొప్పికి ఇచ్చేది పక్కనపెట్టి చెబుతున్నాం. కాలు అదే, పాదం అదే.

పాదం లేవని మనిషి కుర్చీలో కూచుని చేసే పని చెయ్యగలదు. నాట్లేసే బురదలో కాలు దిగితే మళ్ళీ తియ్యలేదు. గట్ల మీద గంప ఎత్తుకుని నడవలేదు. కుర్చీ పని ఎవరి ఇళ్ళకి దక్కింది, బురద పని ఎవరి వాడలకి మిగిలింది అన్నది డాక్టరు చూసే ఎక్స్‌రేలో కనిపించదు.

దీనికి తోడు బీమా తకరారు. సరుకు బండిలో ఉట్టినే ఎక్కిన మనిషికి బీమా కంపెనీ బాధ్యత వహించనక్కర్లేదని 2002 డిసెంబరులో ఆశారాణి కేసులో సుప్రీంకోర్టు అంది. ట్రాలీ కేసుల్లో కంపెనీలు ఈ మాటే పట్టుకుని కూచుంటాయి. కంపెనీ తప్పుకుంటే కట్టాల్సింది బండి యజమాని. తరచూ ఆయనే ఆమెని పనికి పిలిచే ఆసామి. ఊళ్ళో ఉంటూ ఆసామి మీద కేసు నడపడం ఎట్లాంటిదో ఈ పత్రిక చదివేవాళ్ళకి మేం చెప్పక్కర్లేదు.

కేసులు చూసే మిత్రులు మొదటి రోజునుంచే కాగితం సంగతి పట్టించుకోవాలి. ఆసుపత్రిలో చేర్చేటప్పుడే 'ఫలానా పొలానికి కూలికి పోతూ' అని రాయించాలి. తర్వాత ఆ మాట ఎవరూ అడగరు. పుత్తూరు కట్టు కట్టించుకున్నా సరే, ముందు ఒక ఎక్స్‌రే తీయించి తేదీతో దాచాలి. డిశ్చార్జి చీటీ అసలు కాపీ ఎవరి చేతికీ ఇవ్వొద్దు. మానినాక వైకల్యం సర్టిఫికెట్టు తీసుకునేటప్పుడు, వైద్యం చేసిన డాక్టరునే సాక్షిగా పిలిపించి ఆమె ఏ పని చెయ్యలేదో ఒక్కొక్కటీ చెప్పించాలి: నాటు, కోత, కలుపు, మోత. కూలికి రసీదు ఉండదు కాబట్టి ఉపాధిహామీ జాబ్‌కార్డు ఉంటే దాన్నీ దాఖలు చెయ్యాలి. అందులో ఆమె పనిచేసిన రోజులు తేదీలతో సహా ఉంటాయి.