పదవికంటె మాట పెద్దది



కూలిపనికి దూరప్రాంతం వెళ్ళిన బిడ్డ లేని ఇల్లు మన ఉద్దానంలో అరుదు. కవిటి కొబ్బరితోటల నుండి బయలుదేరిన మన పిల్లలు సోంపేటలోనో, ఇచ్ఛాపురంలోనో, పలాసలోనో రైలెక్కుతారు. ఆ రైలుమార్గం ఒకప్పుడు బెంగాల్ నాగపూర్ రైల్వేవారిది. ఆ రైల్వే కార్మికుల పక్షంగా నిలిచి, ఆపై మంత్రియైన ఒక తెలుగువాని జీవితాన్ని ఈ నెల మీ ముందుంచుతున్నాము.

ఆయన వరాహగిరి వెంకటగిరి. ఇచ్ఛాపురానికి ఆవలనున్న బరంపురంలో 1894 ఆగస్టు 10న జన్మించారు. న్యాయశాస్త్రం చదువుటకు 1913లో ఐర్లండు వెళ్ళారు. అక్కడి స్వాతంత్ర్య పోరాటంతో కలిగిన సంబంధం వలన 1916లో ఆ దేశం విడువవలసి వచ్చింది.

తిరిగి వచ్చి వకీలుగా పనిచేస్తూనే రైల్వే కార్మికులను సంఘంగా కూర్చారు. 1927లో ఖరగ్‌పూర్ వర్క్‌షాపు పనివారిని తొలగించబూనినప్పుడు వారి సమ్మెకు ముందు నిలిచారు.

1937 ఎన్నికలలో మద్రాసు రాష్ట్ర అప్పటి ప్రధాని బొబ్బిలి రాజావారిని, ఆయన సొంత బొబ్బిలిలోనే ఓడించారు. రాజాజీ మంత్రివర్గంలో కార్మిక, పరిశ్రమల మంత్రి అయ్యారు. 1946లో ప్రకాశం పంతులుగారి మంత్రివర్గంలోనూ పనిచేశారు. యజమాని, పనివాడు ఎదురెదురుగా కూర్చుండి తగవు తీర్చుకొనుటే మేలనీ, సమ్మె చివరి మార్గమనీ ఆయన నమ్మకం.

1952లో మన జిల్లాలోని పాతపట్నం నుండి లోక్‌సభకు వెళ్ళి కేంద్ర కార్మిక మంత్రి అయ్యారు. 1954లో బ్యాంకు ఉద్యోగుల జీతాలపై ట్రిబ్యునల్ ఇచ్చిన తీర్పును ప్రభుత్వం మార్చింది. గిరిగారు దానికి సమ్మతింపక మంత్రి పదవిని విడిచిపెట్టారు.

అయితే ఆయన జీవితంలో మరొక పరీక్ష ఉన్నది. 1969లో ఆయన రాష్ట్రపతి అయ్యారు. 1974 మేలో దేశమంతట రైల్వే సమ్మె జరిగింది. వేలాదిమంది కార్మికులు చెరసాల పాలయ్యారు. ఆ సమ్మెకు నాయకత్వం వహించిన రైల్వేమెన్ ఫెడరేషన్ స్థాపకులలో గిరిగారూ ఒకరు! కుర్చీ ఎత్తు పెరిగేకొలది చేతులు కట్టుబడుట కూడా ఉన్నదని ఇది మనకు తెలుపుతున్నది. 1975లో భారతరత్న పొందిన గిరిగారు 1980లో మద్రాసులో కన్నుమూశారు.

తల్లిదండ్రులారా, బిడ్డను రైలెక్కించకముందు కూలి ఎంత, ఎప్పుడు ముట్టుతుంది అని పెద్దల ఎదుట మాట్లాడుకొనండి. తోట గలవారలారా, జీడి ఫ్యాక్టరీ నడుపువారలారా, మనమిచ్చిన మాట మన ఎదుట నిలిచిన పనివానికి చెల్లుతున్నదా? మనలో మంత్రులు కాగలవారు కొద్దిమందే. ఎదుటివాని కూలి చేతిలో ఉన్నవారు మాత్రం అనేకులు. ఈ వారం లెక్క చూచినప్పుడు ఆ మాట జ్ఞాపకముంచుకొందుము.