గాలి కోసం సిద్ధంగా ఉన్న సైనికుడు

వేలూరు పేరు వినగానే కడప, కర్నూలు జిల్లాల వారికి మొదట గుర్తొచ్చేది సీఎంసీ ఆస్పత్రే. జబ్బు ముదిరితే కాట్పాడి స్టేషన్‌లో దిగి అక్కడికి వెళ్లొచ్చిన కుటుంబాలు మన చర్చిల్లో చాలానే ఉంటాయి. వేలూరుకు సముద్రం లేదు. పక్కనున్న పాలారులో ఏడాదిలో ఎక్కువ రోజులు కనిపించేది ఇసుకే. మన పెన్నను, పాపాఘ్నిని చూసినవారికి అదేమీ వింత కాదు. అలాంటి ఊరి బిడ్డ సముద్రం మీద తెరచాప పడవ నడిపి దేశానికి పతకం తెచ్చాడు. అతడే సుబేదార్ విష్ణు శరవణన్.

విష్ణు 1999లో పుట్టాడు. తండ్రి రామచంద్రన్ శరవణన్ సైనికుడు, సెయిలింగ్ తెలిసినవాడు. పిల్లవాడికి పడవను పరిచయం చేసింది ఆయనే. పెద్దయ్యాక విష్ణు కూడా సైన్యంలో చేరాడు. అతడి దళం బెంగళూరులోని మద్రాస్ ఇంజనీర్ గ్రూపు. మన తెలుగువారు కూడా తరతరాలుగా పనిచేసిన దళం అది. సైన్యానికీ తెరచాపకూ సంబంధమేమిటని మనకు అనిపించవచ్చు. కానీ హైదరాబాద్ హుస్సేన్‌సాగర్‌లో జరిగే సెయిలింగ్ పోటీల వెనుక కూడా సైన్యానికి చెందిన ఈఎంఈ సెయిలింగ్ అసోసియేషన్ ఉంది. ముంబయిలో ఆర్మీ యాటింగ్ నోడ్ ఉంది. విష్ణు సాధన చేసింది అక్కడే.

అతడు నడిపే పడవను ఒకప్పుడు లేజర్ అనేవారు, ఇప్పుడు ఐఎల్‌సీఏ-7 అంటున్నారు. పొడవు 4.23 మీటర్లు. ఒకటే తెరచాప, ఒక్కడే మనిషి. ఇంజిను లేదు, తెడ్డు లేదు. గాలి బలంగా వీస్తే పడవ ఒరిగిపోతుంది. అప్పుడు పాదాలను పట్టీ కింద దూర్చి, ఒళ్లంతా అంచు దాటించి నీటి మీదికి వాలి, తన బరువుతోనే పడవను నిలబెట్టాలి. తొడలు మండిపోతున్నా కదలకూడదు. బోల్తా పడితే తానే లేపుకోవాలి. ఇంత శ్రమపడినా, అసలు కావలసిన గాలి మాత్రం అతడి చేతిలో లేదు. అది ఎప్పుడు వస్తుందో, ఎటు తిరుగుతుందో ఎవరూ కచ్చితంగా చెప్పలేరు. అతడు చేయగలిగిందల్లా వచ్చిన క్షణానికి సిద్ధంగా ఉండటమే.

ఈ మాట మన మెట్టరైతుకు ఎవరూ విడమరిచి చెప్పనక్కర్లేదు. వాన అతడి చేతిలో లేదు. కానీ ఎండల్లోనే దుక్కి దున్ని, విత్తనం, గొర్రు సిద్ధం చేసుకుని ఉంటాడు. వాన పడి పదునైతే ఆ రెండు మూడు రోజులే అతడివి. సిద్ధంగా లేనివాడికి వాన కురిసినా ప్రయోజనం లేదు. పౌలు భక్తుడు తిమోతికి రాసిన రెండో పత్రిక రెండో అధ్యాయంలో సైనికుణ్ణి, క్రీడాకారుణ్ణి, రైతును పక్కపక్కనే నిలబెట్టి చూపించడం ఇక్కడ మనకు గుర్తొస్తుంది. ముగ్గురికీ కష్టమే ముందు, ఫలితం తర్వాత.

విష్ణుకు కూడా ఫలితం ఒక్కసారిగా రాలేదు. 2019లో అండర్-21 ప్రపంచ పోటీల్లో కాంస్యం గెలిచాడు. 2021 ఏప్రిల్‌లో ఒమన్‌లోని ముసన్నాలో టోక్యో ఒలింపిక్స్‌కు అర్హత పొందాడు. టోక్యోలో 20వ స్థానం. 2023 సెప్టెంబర్‌లో చైనాలో జరిగిన హాంగ్‌ఝౌ ఆసియా క్రీడల్లో కాంస్యం. 2024 జనవరిలో ఆస్ట్రేలియాలోని అడిలైడ్‌లో జరిగిన ప్రపంచ పోటీల్లో 26వ స్థానంలో నిలిచి, పారిస్ ఒలింపిక్స్‌కు అర్హత తెచ్చుకున్న తొలి భారత సెయిలర్ అయ్యాడు. ఆ ఒలింపిక్స్ సెయిలింగ్ పోటీలు మార్సెయిల్ తీరంలో జరిగాయి. గాలి సరిపోక కొన్ని రేసులు రద్దయ్యాయి. విష్ణు 18వ స్థానంలో నిలిచాడు. మూడేళ్ల కష్టానికి ఒలింపిక్స్‌లో దక్కింది రెండు మెట్లు. లోకం దీన్ని చిన్నదంటుంది. ఎక్కినవాడికి దాని ఎత్తు తెలుసు.

ఆసియా క్రీడల లెక్క ఒకటి మన యువకులు గమనించాలి. సెయిలింగ్‌లో మొదటివాడికి ఒక పాయింటు, రెండోవాడికి రెండు, పదోవాడికి పది. చివరికి ఎవరి మొత్తం తక్కువైతే వారే విజేత. అక్కడ సింగపూర్ క్రీడాకారుడికి 26, కొరియా క్రీడాకారుడికి 33, విష్ణుకు 34. ఒక్క పాయింటులో రజతం చేజారింది. అన్ని రేసుల్లో ఎక్కడో ఒకచోట ఒక్క పడవను దాటి ఉంటే కొరియా వాడితో సమానమయ్యేవాడు. ఏ చిన్న రేసూ చిన్నది కాదన్నమాట.

అయితే ఆ లెక్కలోనే ఇంకో నియమం ఉంది. ప్రతివాడికీ అన్నిటికంటే చెడ్డ రేసు ఒకటి మొత్తంలోంచి తీసేస్తారు. ఒక రోజు గాలి మోసం చేసినా, పడవ బోల్తా పడినా, ఆ ఒక్క రోజును బట్టి అతడికి తీర్పు తీర్చరు. కానీ అది ఉపయోగపడాలంటే మర్నాడు మళ్లీ వచ్చి గీత దగ్గర పడవ నిలపాలి. ఇంటికెళ్లిపోయినవాడికి ఆ నియమంతో పనిలేదు.

ఆర్మీ ర్యాలీలో కొన్ని సెకన్లు ఆలస్యమై వెనుదిరిగే కుర్రవాళ్లు మన పల్లెల్లో ఉన్నారు. ఇంటర్‌లో ఒక సబ్జెక్టు పోతే ముఖం చూపించలేక గదిలో తలుపేసుకునే పిల్లలున్నారు. అలాంటి బిడ్డ ముందు కూర్చుని మార్కుల లెక్క తీయడం కంటే ఈ లెక్క చెప్పడం మేలు. గాలి, వాన, ఎదుటివాడి నిర్ణయం మన చేతిలో ఉండవు. తెల్లవారి లేచి చేసే సాధన మన చేతిలోనే ఉంది. మనల్ని మన చెడ్డ రోజును బట్టి కొలవని దేవుణ్ణి నమ్మినవారం మనం. మన పిల్లలను మాత్రం అలా ఎందుకు కొలవాలి? ఒక రేసు పోయింది. తర్వాతి రేసుకు వారిని పంపుదాం.